పెత్రోల్ అంటే దీపం నూనె

మారిషస్ నుంచి తిరిగి వచ్చి నెల దాటింది. కాకినాడలో ఎదురైన ప్రతివాళ్ళూ నన్ను అడిగేవి రెండే ప్రశ్నలు. సముద్రం మీద ఎన్నాళ్ళు పట్టింది? అక్కడ మనవాళ్ళు ఇంకా తెలుగు మాట్లాడుతున్నారా? మొదటిదానికి ఏదో ఒకటి చెప్పి తప్పించుకుంటున్నాను, ఎందుకంటే ఆ రోజుల్లో సగం నేను వాంతులు చేసుకుంటూనే గడిపాను. రెండోదానికి వీధిలో నిలబడి జవాబు చెప్పడం నా వల్ల కాలేదు. అందుకే రాస్తున్నాను.

నేను పెద్ద చదువులు చదివినవాణ్ణి కాను. రేవు దగ్గర కిరసనాయిలు గిడ్డంగిలో ఇరవై ఏళ్ళుగా పనిచేస్తున్నాను. ఓడ మీద వచ్చిన డబ్బాలు దింపించడం, కారుతున్నవాటికి మాటు వేయించడం, మంచి సరుకూ చెడ్డ సరుకూ ముక్కుతో పట్టుకోవడం నా పని. మా చిన్నాన్న పైడయ్య నాకు మీసాలు రాకముందే చెరకు తోటల పనికి మారిషస్‌కి, మావాళ్ళ మాటల్లో మోరీసుకి, వెళ్ళిపోయాడు. కళ్ళు మసకబారాయనీ, అన్న కొడుకుని ఒకసారి చూడాలని ఉందనీ ఎవరిచేతో ఉత్తరం రాయించాడు. గిడ్డంగిలో సెలవు దొరికింది. యుద్ధం ముగిసి ఓడలు మళ్ళీ సరిగ్గా తిరుగుతున్న రోజులు. బయలుదేరాను.

పోర్ట్ లూయీ రేవు

ఊరికి వెనక కొండలు గోడ కట్టినట్టు ఉంటాయి. ఓడలోంచి నేను మొదట చూసింది మాత్రం కొండల్ని కాదు. పక్కనే లంగరు వేసిన ఓడ నుంచి పడవల్లోకి దిగుతున్న చెక్కపెట్టెల్ని. ఒక్కో పెట్టెలో రెండేసి రేకు డబ్బాలు, మా గిడ్డంగికి వచ్చేవాటికి అచ్చం కవలలు. అంతదూరం వెళ్ళి నా కూలి పనినే ఎదురుగా చూసుకున్నట్టయింది.

ఆ దీవి నేలలో నూనె చుక్క లేదు. ఊరూరా వెలిగే ప్రతి దీపానికీ నూనె సముద్రం దాటి రావాల్సిందే. ఆ దింపుడు చూస్తూ నిలబడితే పెట్టెలు లెక్కపెడుతున్న ఒకడి గొంతు వినిపించింది: "పన్నెండు, పదమూడు, పద్నాలుగు." తెలుగులో. పక్కవాడితో మాట్లాడేదంతా క్రియోల్, ఫ్రెంచి నుంచి పుట్టిన అక్కడి భాష; లెక్క మాత్రం తెలుగు. నేను దగ్గరకు వెళ్ళి మీది ఏ ఊరని అడిగాను.

"నేను ఈడనే పుట్టినాను," అన్నాడు. "మా తాత కోరంగి నుంచి వచ్చినాడు. నువ్వు?"

కాకినాడ అని చెప్పాను. ఆ దేశంలో మనవాళ్ళందరినీ కోరంగివాళ్ళనే పిలుస్తారు. అతను పని ఆపి, చేయి తుడుచుకుని, నా భుజం తాకి చూశాడు. "కోరంగి కన్నుతో చూసినావా నువ్వు?"

చూశాననీ, ఆ రేవు ఇప్పుడు మేట వేసి ఓడలు రావడం లేదనీ చెప్పాను. అతను నమ్మలేదు. అంత పెద్ద ఊరికి ఓడలు రాకపోవడం ఏమిటని పక్కవాడితో చెప్పి నవ్వాడు. నేను వాదించలేదు. వాళ్ళ తాత చెప్పిన కోరంగి అతని దగ్గర అలాగే ఉండనీ అనుకున్నాను.

రేవు బయట గాతో పిమా అని అమ్ముతుంటే కొన్నాను. మన పప్పు వడే, నిమ్మకాయంత ఉంటుంది, పచ్చిమిర్చి దండిగా వేస్తారు. అక్కడా రూపాయలే, అణాలు మాత్రం లేవు, సెంట్లు. ఎన్ని సెంట్లిచ్చానో నాకు తెలియదు. అమ్మిన ముసలమ్మే నా అరచేతిలోంచి ఏరుకుని, మిగిలినవి వేళ్ళు ముడిచి పెట్టింది.

ఫీనిక్స్‌లో వాన

రైల్లో నా ఎదురుగా అప్పలస్వామి అనే ఆయన కూర్చున్నాడు. మహేబోర్గ్‌లో మన పిల్లలకు తెలుగు చెబుతాడు, శనివారాలు రామభజన నడిపిస్తాడు. ఆయన తెలుగు మన పురాణం చెప్పేవాళ్ళ తెలుగులా నిండుగా ఉంటుంది. మధ్యలో మాట తట్టకపోతే క్రియోల్ ముక్క పెట్టి దాటేస్తాడు.

బండి ఎత్తుకి ఎక్కుతున్నకొద్దీ చలి పుట్టింది. ఫీనిక్స్ స్టేషన్లో సన్నగా వాన పడుతోంది. బండి చాలాసేపు ఆగడంతో కాళ్ళు చాపుకుందామని దిగాం. గేటు బయట ఒక మోటారు కారు, దాని డ్రైవరు డబ్బా వంచి గరాటులోంచి పోస్తున్నాడు. చక్కెరకు ధర వచ్చిన దగ్గర్నుంచి తోటల దొరలందరూ కార్లు కొంటున్నారని అప్పలస్వామి చెప్పాడు. వాసన నా ముక్కుకి తగిలింది. నా తెలివి చూపించుకోవాలని డబ్బా వైపు వేలు చూపి "పెట్రోల్" అన్నాను.

డ్రైవరు తల అడ్డంగా ఊపాడు. "నోఁ, మిస్యే. లెసాఁస్."

"ఇక్కడ దాన్ని లెసాఁస్ అంటారు," అన్నాడు అప్పలస్వామి. "పెత్రోల్ అంటే దీపం నూనె. మీ కిరసనాయిలు."

"ఇంగ్లీషులో పెట్రోల్ అంటే కారుకి పోసేది కదా?"

"ఇంగ్లీషు దొరల మాట. మేము మాట్లాడేది ఫ్రెంచి దొరల మాట," అని నవ్వాడు. నేనూ నవ్వాను. పై దొర ఇంగ్లీషువాడు, తోట దొర ఫ్రెంచివాడు, మధ్యన మనవాడు. ఆ నవ్వు మరుసటి రోజుకే ఎండిపోయింది.

దిగవలసిన చోట దిగలేదు

షెమాన్ గ్రెనియే వెళ్ళాలంటే రోజ్ బెల్‌లో దిగి సూయాక్ బండి ఎక్కాలి. మాటల్లో పడి ఆ సంగతి ఇద్దరం మరిచిపోయాం. గుర్తొచ్చేసరికి ఎదురుగా సముద్రం, మహేబోర్గ్.

"శనివారం భజనకి మనిషి తక్కువైనాడని అనుకుంటూనే ఉన్నాను, నువ్వు దొరికినావు," అన్నాడు అప్పలస్వామి. "కానీ ఈవేళ సోమవారం. ఏం చేస్తాం."

ఆ రాత్రి వాళ్ళింట్లో తిన్నాను. బ్రేడ్ అని ఆకుకూర చారులా పలచగా కాస్తారు, దానిలోకి ఉప్పుచేప చింతపండు పులుసు. పులుసు మాత్రం మా అమ్మ చేసినట్టే ఉంది. ఆయన భార్యకి తెలుగులో వరసలూ దేవుడి పాటలూ వచ్చు, మామూలు మాటలు రావు. నాకు వడ్డిస్తూ "అన్నియ్యా" అంది, తరవాత ఏమనాలో తెలియక చేత్తోనే ఇంకా వెయ్యనా అని అడిగింది. పొద్దున్న నలుగురు పిల్లలు పలకలు పట్టుకుని వచ్చి అక్షరాలు దిద్దారు. గోలంతా క్రియోల్లో చేసుకుని, గురువుగారు దగ్గగానే గొంతు మార్చి పద్యం అందుకున్నారు. వాళ్ళలో ఎవరూ ఆ పద్యం పుట్టిన నేల చూడలేదు. ఒక్క అక్షరం తప్పు పోలేదు.

షెమాన్ గ్రెనియే

రెండు బళ్ళు మారి, సూయాక్ నుంచి ఎడ్లబండి మీద వెళ్ళేసరికి మధ్యాహ్నం దాటింది. ఎటు చూసినా చెరకు. నరుకుడు కాలం, ఎండిన ఆకు నేల మీద మోకాలెత్తు పడి ఉంది. చిన్నాన్న గుమ్మంలో కూర్చుని ఉన్నాడు. నా మొహాన్ని రెండు చేతులతో తడిమి, మా నాన్న ముక్కు నాకు వచ్చిందని చెప్పాడు.

ఆయన కూతురు పోలమ్మ కాసేపటికి వచ్చింది. నెత్తి మీద రేకు డబ్బా, దానికింద గుడ్డ చుట్ట, చేతిలో గరాటు. ఆమె భర్త చక్కెర మిల్లులో పని, ఈ కాలంలో సగం రోజులు అక్కడే. ఆమె సూయాక్ దుకాణం నుంచి నూనె డబ్బా తెచ్చి వాడల్లో సీసాల లెక్కన అమ్ముతుంది. చదువు లేదు. నన్ను చూసి డబ్బా దించి, కాళ్ళకు దండం పెట్టి, "అన్నియ్యా, మా నాయిన నీ పేరు చెప్పని రోజు లేదు," అంది.

ఆమె మంచినీళ్ళు తేవడానికి లోపలికి వెళ్ళింది. దారికి అడ్డంగా ఉందని నేను డబ్బా పక్కకి జరిపాను. అడుగున కొంచెం మిగిలి ఉంది. కదిపిన వెంటనే వాసన వచ్చింది.

ఇరవై ఏళ్ళ పని నాది. అయినా నమ్మబుద్ధి కాక కాస్త అరచేతిలో ఒంపుకున్నాను. కిరసనాయిలు అయితే జిడ్డు మిగలాలి. ఇది చల్లగా తగిలి, చూస్తుండగానే ఆరిపోయింది. డబ్బా తిప్పి చూస్తే ఇంగ్లీషు అక్షరాల్లో పెట్రోల్ అని అచ్చు.

"చెల్లీ, ఈ నూనె ఎక్కడిది?"

"ఈవేళే తెచ్చినాను. కొత్త కంపెనీదని దుకాణదారు అన్నాడు. డబ్బా మీద పెత్రోల్ అని రాసుందని దుకాణంలో చదివి ఇచ్చినారు."

"ఇది దీపం నూనె కాదు. కారు నూనె. లెసాఁస్."

ఆమె చెంబు కింద పెట్టింది. నూనె అంటుకునే తీరు నాకెంత తెలుసో, ఆ వాడల్లో ఆకుకప్పు ఇళ్ళూ ఎండు చెరకూ ఎంత దగ్గరో ఆమెకు అంత తెలుసు. దీపంలో పోసి అగ్గిపుల్ల గీస్తే మంట బుడ్డిలోకి దిగుతుంది. తరవాత ఇల్లు, తరవాత తోట.

"వాసన వేరేగా ఉందని అనుకున్నాను అన్నియ్యా," అంది మెల్లగా. "అనుకుని కూడా అమ్మినాను."

"ఎంతమందికి?"

ఆమె కళ్ళు మూసుకుంది. వేళ్ళు మడిచింది. "పదకొండు ఇళ్ళు."

పొద్దు పశ్చిమానికి వాలుతోంది. దీపాలు పెట్టే వేళకి రెండు గంటలు ఉంటుందేమో.

పదకొండు ఇళ్ళు

నేను కొత్తవాణ్ణి, ఆ దారులు నాకు తెలియవు. చెరొక వైపు వెళ్ళే వీలు లేదు. గుమ్మంలోంచి చిన్నాన్న అన్నాడు, "ఖాళీ డబ్బా ఒకటి నా ఒళ్ళో పెట్టి పొండి." పెట్టాం. మేం సందు మలుపు తిరగకముందే ఆయన కర్రతో దాన్ని కొట్టడం మొదలుపెట్టాడు. నడవలేని మనిషి, గొంతు మాత్రం పోలేదు. "లాలాంప్ పా అలిమే. పోలమ్మ నూనె వెలిగించవద్దు." ఒకసారి క్రియోల్లో, ఒకసారి తెలుగులో. వీధిలోవాళ్ళు బయటికి వచ్చారు. ఇద్దరు ఆడవాళ్ళు అప్పటికే సీసాలు పట్టుకుని మాకు ఎదురొచ్చారు. అలా రెండిళ్ళు తీరాయి.

మిగతా తొమ్మిది మూడు వాడల్లో ఉన్నాయి. పోలమ్మ దారి అడగలేదు, పేర్లు తడుముకోలేదు. ఏ ఇంట్లో బుడ్డి దీపమో, ఏ ఇంట్లో చిమ్నీ పగిలిన లాంతరో, ఎవరు చీకటి పడ్డాక వెలిగిస్తారో, ఎవరు ముందే వెలిగిస్తారో ఆమె నడుస్తూనే చెప్పింది. ముందే వెలిగించేవాళ్ళ ఇళ్ళకి ముందు వెళ్ళాం. నేను గిడ్డంగిలో పుస్తకం చూసి చెప్పే సంగతులు ఆమె తలలో ఉన్నాయి.

ప్రతి ఇంట్లో ఒకటే మాట చెప్పింది. "నేను చెడ్డ నూనె ఇచ్చినాను. ఇచ్చేయండి. రేపు మంచిది తెస్తాను." దుకాణం పేరు ఎత్తలేదు. ఒక ఇంట్లో పాత నూనెలో కలిపేశారు, మొత్తం ఒంపించేసుకుంది. ఇంకో ఇంట్లో సగం సీసా పక్కింటికి బదులిచ్చారు, ఆ పక్కింటావిడకీ పోలమ్మకీ మాటల్లేవు. పోలమ్మ ఆ గడప ముందు నిలబడి, "నా మీద కోపం దాచుకో, ఆ సీసా మాత్రం ఇచ్చేయ్," అంది. ఆవిడ లోపలికి వెళ్ళి తెచ్చి ఇచ్చింది.

వెనక్కి తీసుకున్నదంతా డబ్బాలో పోసి, ఇళ్ళకు దూరంగా బండరాయి పక్కన పెట్టి, ఒక పెద్దాయన్ని కాపలా ఉంచాం. పొద్దు చెరకు తలలను తాకింది. ఇంకొక్క ఇల్లు.

సింహాద్రి పాక

సింహాద్రి తోట కావలివాడు, ఒంటరి మనిషి. అతని పాక చెరకు అంచున ఉంది. లోపల చీకటి కాబట్టి అందరికన్నా ముందే దీపం పెడతాడు. కానీ ఆ పాక అన్నిటికన్నా దూరం, ముందు అటు వెళితే మిగతా ఇళ్ళకి వేళ దాటిపోయేది. సగం దారిలో పోలమ్మ చెప్పులు వదిలేసి పరుగెత్తింది. నేను ఆమెకు వెనకబడిపోయాను.

నేను చేరేసరికి పాక ముందు నల్లగా కాలిన మట్టి, దాని మీద పగిలిన బుడ్డి. సింహాద్రి గోడకు ఆనుకుని కూర్చుని కుడిచేతిని ఎడంచేత్తో పట్టుకున్నాడు. అగ్గిపుల్ల గీయగానే మంట లేచిందట. ఆ మండుతున్న బుడ్డిని అలాగే చేత్తో ఎత్తి బయటి మట్టిలోకి విసిరాడు. పాక కాలలేదు. చెరకు కాలలేదు. చేయి కాలింది.

పోలమ్మ కుండలో నీళ్ళు ముంచి ఆ చేతి మీద పోస్తూనే ఉంది.

"నీ చేతి నూనె కదా అని చూడకుండా పోసినాను," అన్నాడు సింహాద్రి. అరవలేదు. అరిచి ఉంటే బాగుండేదేమో.

నేను ముందుకు వచ్చి, ఇది ఆమె తప్పు కాదనీ, ఇంగ్లీషు మాటకీ ఫ్రెంచి మాటకీ మధ్య జరిగిన పొరపాటనీ చెప్పబోయాను. పోలమ్మ తల ఎత్తకుండానే అంది, "అన్నియ్యా, ఆగు. మావా, వాసన వేరేగా ఉందని నాకు తెలిసింది. అమ్మినాను. తప్పు నాది."

సింహాద్రి చేయి చాపాడు. ఆమె తన కొంగు చింపి తడిపి చేతికి చుట్టింది. మర్నాడు తెల్లవారగానే బండి కట్టించి తోట ఆసుపత్రికి తీసుకువెళ్ళింది. చేయి దక్కుతుందనీ, వేళ్ళు ముడుచుకోవడానికి చాలా రోజులు పడుతుందనీ చెప్పారు.

నేను పొరుగు దేశాలు ఎక్కువ చూడలేదు. కానీ రేవులో పెద్ద పెద్ద మనుషుల్ని చూశాను. డబ్బా కారితే ఓడవాడు గిడ్డంగివాణ్ణి, గిడ్డంగివాడు బండివాణ్ణి చూపిస్తారు. నేనూ చూపించాను, ఒకసారి కాదు. మా ఇంటి ఆడపిల్ల, చదువురానిది, వేలు తన వైపు తిప్పుకోవడం ఆ సాయంత్రం చూశాను. నాకు కలిగింది జాలి కాదు, గర్వం.

సూయాక్ దుకాణం

ఆ దుకాణదారు మీద ఇంగ్లీషులో గట్టిగా ఒక అర్జీ రాస్తానన్నాను. పోలమ్మ వద్దంది. "నూనె నేను కొన్నాను. మాట నేనే చెబుతాను."

ఆసుపత్రి నుంచి నేరుగా వెళ్ళేసరికి దుకాణం నిండా జనం. ఆమె డబ్బాను బల్ల మీద పెట్టి, అక్షరాలు దుకాణదారు వైపు తిప్పి, క్రియోల్లో మాట్లాడింది. నాకు సగమే అర్థమైంది. దుకాణదారు ముందు రాసినదే చదివానన్నాడు. తరవాత సంచుల పక్కన నిలబడ్డ ఒక డ్రైవరు దగ్గి, తన కారు పొద్దున్నుంచి ఎందుకు కదలడం లేదో ఇప్పుడు తెలిసిందన్నాడు. డబ్బాలు తారుమారై దీపం నూనె అతని కారులోకి వెళ్ళింది. దొర గుర్రం ఎక్కి మిల్లుకి వెళ్ళాడట. జనం నవ్వారు. పోలమ్మ నవ్వలేదు. నవ్వు ఆగేదాకా నిలబడి, మళ్ళీ చెప్పింది: లెసాఁస్ డబ్బాలు వేరే చోట పెట్టాలి, వాటికి ఎర్రరంగు పూయాలి, చదువురానివాళ్ళకి కూడా తెలియాలి.

దుకాణదారు ఆలోచించి సరేనన్నాడు. సింహాద్రి మందుల సంగతి తాను చూస్తానని కూడా అన్నాడు. మర్నాడు మేం వెళ్ళేసరికి దొడ్డి చివర కొత్త రేకుల చావడి కింద ఎర్ర డబ్బాలు నిలబడి ఉన్నాయి.

మళ్ళీ వాడల్లోకి

మంచి నూనె ఇస్తానన్న ఇళ్ళకి దుకాణానికి వెళ్ళిన రోజే ఇచ్చివచ్చింది. తీసుకున్నారు. ఆ తరవాత మాత్రం రోజులు బరువుగా నడిచాయి. ఆమె డబ్బా ఎత్తుకుని వెళ్ళేది, కొంచెమే అమ్మి మిగతాది తిరిగి తెచ్చేది. ఎవరూ ఆమెను తిట్టలేదు. ఇంట్లో నూనె ఇంకా ఉంది, వచ్చేవారం చూద్దాం అనేవాళ్ళు. చిన్నాన్న గుమ్మంలోంచి అంతా వింటూ ఉండేవాడు. ఒకరోజు నాతో అన్నాడు, "తలుపులు మూసుకున్నా పోలమ్మ రోజూ వెళుతుంది చూడు. మేం ఈ నేలలో రాళ్ళు ఏరి చెరకు వేసింది ఇలాగే."

నేను బయలుదేరే ముందు రోజు ఆమెతో నేనూ వెళ్ళాను. మూడో వాడలో ఆమె డబ్బా దించి కేక వేసింది. కొన్ని తలుపులు తెరుచుకున్నాయి, మనుషులు గడపల్లోనే నిలబడ్డారు. అప్పుడు చెరకు దారిలోంచి సింహాద్రి వచ్చాడు. కుడిచేతికి ఇంకా తెల్లగుడ్డ కట్టు. ఎడంచేత్తో ఖాళీ సీసా పట్టుకున్నాడు. అందరూ చూస్తుండగా వచ్చి ఆమె ముందు సీసా పెట్టాడు.

పోలమ్మ గరాటు తుడిచింది. "వాసన చూసుకో మావా," అంది.

"నువ్వు చూసినావు కదా," అన్నాడు సింహాద్రి. "పోయ్."

ఆమె సీసా నింపింది. గడపల్లో నిలబడ్డవాళ్ళు ఒక్కొక్కరే సీసాల కోసం లోపలికి వెళ్ళారు.